మండల విలేకరి ఎవరి మనిషి? ఇద్దరు కార్మిక మంత్రులకు బహిరంగ లేఖ

ఆంధ్రప్రదేశ్, తెలంగాణ కార్మిక శాఖ మంత్రులకు,



మీ ఇద్దరికీ కలిపి ఒకే ఉత్తరం రాస్తున్నాను. రాష్ట్రాలు రెండయ్యాయి గానీ, మండల విలేకరి చేత రాయించుకునే కాగితం మాత్రం రెండు చోట్లా ఒకటే. పత్రికను బట్టి మాటలు కాస్త అటూ ఇటూ అవుతాయి, సారం మారదు. అందులో ఉండేది ఇదీ: 'నాకు వేరే వృత్తి ఉంది, దాని మీద ఆదాయం ఉంది. వార్తలు రాయడం కేవలం ఆసక్తి కొద్దీ చేస్తున్నాను. నేను ఈ సంస్థ ఉద్యోగిని కాను. రేపు ఉద్యోగమని గానీ జీతమని గానీ అడగను.' కొన్ని చోట్ల ఇది తెల్లకాగితం మీద, కొన్ని చోట్ల స్టాంపు పేపరు మీద. కింద సంతకం. ఆ సంతకం పడితేనే ఐడీ కార్డు చేతికొస్తుంది.

నేను జిల్లా డెస్కులో సబ్ ఎడిటర్‌గా పనిచేసి రిటైరైనవాణ్ని. అలా సంతకాలు పెట్టినవాళ్లు పంపిన వార్తలు దిద్ది, హెడ్డింగులు పెట్టి, పేజీలు నింపడం నా ఉద్యోగం. నాకు నెల జీతం వచ్చేది, పీఎఫ్ కట్టేవాళ్లు, వారానికో సెలవు ఉండేది. నేను దిద్దే వార్త రాసినవాడికి ఇవేవీ లేవు. ఒకే పేజీకి ఇద్దరం పనిచేశాం. లెక్కల్లో నేను జర్నలిస్టుని, అతను కాదు. ఈ తేడా ఎక్కడ పుట్టిందో, దాన్ని సరిచేయడం మీ శాఖ చేతుల్లో ఎంతవరకు ఉందో చెప్పాలనే ఈ లేఖ.

2025 నవంబర్ 21న నాలుగు కార్మిక కోడ్‌లు అమల్లోకి వచ్చాయి. వాటితో పాటే 1955 నాటి వర్కింగ్ జర్నలిస్టుల చట్టం, దానికి తోడుగా 1958లో వచ్చిన వేతన రేట్ల చట్టం రద్దయ్యాయి. డెబ్బై ఏళ్ల చట్టం పోయిందంటే పత్రికలు సంపాదకీయాలు రాయాలి. రాయాల్సినవాళ్లు ఎవరి దగ్గర పనిచేస్తున్నారో మీకు తెలుసు కాబట్టి, ఎందుకు రాయలేదని నేను వేరే చెప్పక్కర్లేదు.

పోయిన చట్టం ఎలా వచ్చిందో రెండు ముక్కలు చెప్తాను. అందులో మనవాడొకడున్నాడు. 1952లో కేంద్రం జస్టిస్ జి.ఎస్. రాజాధ్యక్ష నాయకత్వంలో మొదటి ప్రెస్ కమిషన్ వేసినప్పుడు దాని సభ్యుల్లో నేషనల్ హెరాల్డ్ సంపాదకుడు ఎం. చలపతిరావు ఒకరు. వర్కింగ్ జర్నలిస్టుల అఖిల భారత సమాఖ్యకు తొలి అధ్యక్షుడు కూడా ఆయనే. 1954లో కమిషన్ నివేదిక ఇచ్చింది, మరుసటి ఏడాది డిసెంబర్‌లో చట్టం వచ్చింది. జర్నలిజం పవిత్ర కార్యమనీ, దానికి జీతమేమిటనీ అనుకునే రోజుల్లో, పత్రిక కూడా ఒక పరిశ్రమే, అందులో రాసేవాడూ కార్మికుడేనని పార్లమెంటు ఒప్పుకుంది. పని గంటలకు హద్దు పెట్టింది. తీసేయాలంటే ఎడిటర్‌కు ఆరు నెలలు, మిగతావాళ్లకు మూడు నెలలు ముందు నోటీసు ఇవ్వాలంది. గ్రాట్యుటీ ఇచ్చింది. జీతాలు తేల్చడానికి వేజ్ బోర్డు పెట్టింది.

యజమానులు ఊరుకోలేదు. సుప్రీంకోర్టుకెళ్లారు. 1958లో కోర్టు చట్టాన్ని చాలామటుకు నిలబెట్టింది కానీ, పత్రికల చెల్లింపు స్తోమత చూడలేదన్న కారణంతో మొదటి వేజ్ బోర్డు నిర్ణయాన్ని కొట్టేసింది. ఆ మరుసటి ఏడాదే మద్రాసులోని ఎక్స్‌ప్రెస్ సంస్థలో కార్మికులకూ యాజమాన్యానికీ చెడింది. ఆంధ్రప్రభ ప్రచురణను విజయవాడకు తరలించడం ఆ గొడవలో పెద్ద అంశం. అది సమ్మెనా, లాకౌటా, మూసివేతా అన్న పేచీ కూడా సుప్రీంకోర్టు దాకా పోయింది. విజయవాడ పత్రికల ఊరెలా అయిందో గొప్పగా చెప్పుకునే మనం ఈ సంగతిని కాస్త పక్కన పెట్టి చెప్పుకుంటాం.

ఇక అసలు విషయం. ఎవరు వర్కింగ్ జర్నలిస్టు? ఎవరి ప్రధాన వృత్తి జర్నలిజమో, ఆ పనిలో పూర్తికాలమో పార్ట్ టైమో నియమితులైనవాళ్లు అని చట్టం నిర్వచనం. 'పార్ట్ టైమ్' అన్నది మొదట లేదు, 1981 సవరణతో చేర్చారు. దాని కింద ఎడిటర్ మొదలు రిపోర్టర్, కరస్పాండెంట్, సబ్ ఎడిటర్, కార్టూనిస్టు, ఫొటోగ్రాఫర్, ప్రూఫ్ రీడర్ దాకా పేర్లున్నాయి. 2020లో పార్లమెంటు ఆమోదించిన వృత్తి భద్రత, ఆరోగ్యం, పని పరిస్థితుల కోడ్‌లోకి ఈ నిర్వచనం దాదాపు ఇలాగే వచ్చింది. అదనంగా ఎలక్ట్రానిక్, డిజిటల్ మీడియా చేరాయి. ప్రూఫ్ రీడర్ కూడా అలాగే ఉన్నాడు, పాపం. మా ఆఫీసుల్లో ప్రూఫ్ సెక్షన్ మూతపడి ఎన్నేళ్లయిందో! లేని ఉద్యోగానికి చట్టంలో చోటుంది, వేల మంది చేస్తున్న ఉద్యోగానికి లేదు. మండల విలేకరికి పెట్టిన 'కంట్రిబ్యూటర్' అన్న పేరు ఆ జాబితాలో ఎక్కడా కనపడదు.

'ప్రధాన వృత్తి' అన్న ఆ రెండు మాటలు చూడండి. మొదట్లో చెప్పిన సంతకం కాగితం సరిగ్గా వాటి కోసమే తయారైంది. నాకు వేరే వృత్తి ఉందని ముందే రాయించుకుంటే, ఆ మనిషి నిర్వచనం బయట పడతాడు. నోటీసు లేదు, గ్రాట్యుటీ లేదు, వేజ్ బోర్డు లేదు. పొద్దున లేచింది మొదలు అతను చేసేది వార్తల పనే అయినా సరే.

1989కి ముందు ఇంతమంది కంట్రిబ్యూటర్లు లేరు. తాలూకా కేంద్రాల్లో ఏ బడిపంతులో, ప్లీడరు గుమస్తానో వారానికి రెండు వార్తలు రాసి పోస్టులో పంపేవాడు. వాళ్లకు నిజంగానే వేరే వృత్తి ఉండేది. ఈనాడు ఆ ఏడాది జిల్లాకో టాబ్లాయిడ్ మొదలుపెట్టింది. ఇతర పత్రికలూ అదే బాట పట్టాయి. అప్పటిదాకా రాష్ట్రవార్తల్లో ఓ మూల రెండు లైన్లుగా వచ్చే ఊరి సంగతి, ఏకంగా పేజీలకు పేజీలైంది. పేపరు తీస్తే పక్కూరి బోరు బావి, మన బడి పైకప్పు, మండలాఫీసులో దొరకని సర్టిఫికెట్ కనిపించాయి. తెలుగు పాఠకుడికి అది నిజంగా కొత్త. తెలుగు పత్రికల ఆ ప్రయోగం విదేశీ పరిశోధకుల దృష్టికీ వచ్చింది. ఆస్ట్రేలియాలో పనిచేసిన రాబిన్ జెఫ్రీ భారతీయ భాషా పత్రికల విస్తరణ మీద రాసిన పుస్తకంలో ఈనాడుది పెద్ద ఉదాహరణ. 2008 మార్చిలో సాక్షి ఒకేరోజు 23 ఎడిషన్లతో వచ్చే నాటికి ఈ పద్ధతి ఎంత పాతుకుపోయిందంటే, మండలానికో విలేకరి లేని పత్రికను ఊహించడం కష్టమైపోయింది.

రోజూ అన్ని పేజీలు నింపాలంటే ప్రతి మండలంలో ఓ మనిషి కావాలి. ఆ మనిషికి జీతమిస్తే లెక్క కుదరదు. కాబట్టి మనిషిని పెట్టుకుని, ఉద్యోగాన్ని పెట్టలేదు. ఈ ఏర్పాటుకు కొన్ని పత్రికలు ఇంకో మెరుగు కూడా దిద్దాయి. జిల్లా వార్తల నెత్తిన పత్రిక పేరు కాకుండా, దానికి అనుబంధమైన వేరే వార్తాసంస్థ పేరు ఉండటం తెలుగు పాఠకులు చూసే ఉంటారు. చాలామంది దాన్ని పట్టించుకోరు. ఆ విలేకరి ఏదో ఒకనాడు లేబర్ కోర్టు గుమ్మం ఎక్కితే, నువ్వు మా పత్రిక మనిషివే కాదు అనడానికి ఆ పేరు పనికొస్తుంది.

పారితోషికం సంగతి చెప్పాలి. దాన్ని లైన్ అకౌంట్ అంటాం. నెలాఖరుకు కంట్రిబ్యూటర్ తన వార్తలు పేపర్లోంచి కత్తిరించి, తెల్లకాగితాలకు అంటించి, స్కేలు పెట్టి కొలిచి, ఇన్ని సెంటీమీటర్లు అని లెక్కరాసి ఆఫీసుకు పంపేవాడు. సెంటీమీటరుకు ఇంతని లెక్కగట్టి డబ్బొచ్చేది. ఇందులో ఒక విచిత్రం ఉంది. డెస్కులో మాకు నేర్పిన మొదటి పాఠం, అనవసరమైన మాట ఒక్కటి కూడా ఉంచొద్దని. నాలుగు పేరాల వార్తను ఒక పేరా చేస్తే మంచి సబ్ ఎడిటర్ అని పేరు. ఆ కత్తిరింపు ఎంత బాగా కుదిరితే, అవతల రాసినవాడి కూలి అంత తగ్గుతుంది. రెండ్రోజులు తిరిగి తెచ్చిన బాక్స్ ఐటమ్‌కీ, సన్మానసభలో వక్తల పేర్లన్నీ వరుసగా ఏకరువు పెట్టిన వార్తకీ స్కేలు ఒకటే. పైగా పేర్ల వార్తే పొడుగు. తర్వాత కొన్ని సంస్థలు నెలకింతని ఒక మొత్తం పెట్టాయి. పెట్రోలు ఖర్చు, ఫోను బిల్లు దాటి మిగిలేది తక్కువ.

పని మాత్రం ఎప్పటికప్పుడు పెరుగుతూనే వచ్చింది. ఒకప్పుడు సాయంత్రం బస్సు వేళకు న్యూస్ కవరు డ్రైవరు చేతికిస్తే ఆ రోజుకు అయిపోయేది. జిల్లా కేంద్రంలో బస్టాండులో పెట్టిన డబ్బా నుంచి మా ఆఫీసు కుర్రాడు కవర్లు తెచ్చేవాడు. బస్సు తప్పితే వార్త రేపటికి. తర్వాత ఫ్యాక్సు వచ్చింది. ఆపైన విలేకరే కంప్యూటర్లో కొట్టి మెయిల్ చేయాల్సి వచ్చింది. అంటే మా దగ్గర టైపు చేసే డీటీపీ ఆపరేటర్ పని మండలానికి దిగిపోయింది, దానికి వేరే డబ్బులు లేకుండా. డెస్కులోనూ అంతే అనుకోండి. కంపోజిటర్, పేస్టింగ్ చేసేవాడు, ప్రూఫ్ రీడర్, పేజీ ఆర్టిస్టు చేసిన పనులన్నీ ఒక్కొక్కటిగా సబ్ ఎడిటర్ కుర్చీలోకి వచ్చి చేరాయి. కాకపోతే మాకు కుర్చీ ఉంది.

ఇప్పుడు మండల విలేకరి దినచర్య చూడండి. తెల్లారకముందే ఫోను: హైవే మీద లారీ బోల్తా. వెళ్లాలి, ఫొటో తీయాలి, వీడియో వేరుగా తీయాలి, అక్కణ్నించే వెబ్‌కు నాలుగు లైన్లు పంపాలి. ఆలస్యమైతే ఆఫీసు వాట్సాప్ గ్రూపులో అవతలి పత్రిక లింకు పెట్టి, కింద ఒక ప్రశ్న గుర్తు. పొద్దున పదింటికి డే ప్లాన్ పంపాలి. తర్వాత పోలీస్ స్టేషన్, తహసీల్దారు ఆఫీసు, ధాన్యం కొనుగోలు కేంద్రం, ఆస్పత్రి. మధ్యాహ్నం ఎవరో నాయకుడి ప్రెస్‌మీట్. సాయంత్రం ఇవన్నీ మళ్లీ ప్రింటు కోసం రాయాలి, ఎందుకంటే పొద్దున వెబ్‌లో వచ్చింది పేపరుకు పాతబడిపోతుంది. రాత్రి డెస్కు నుంచి ఫోన్లు: మృతుడి ఇంటిపేరు ఏమిటి, వయసెంత, ఏ ఊరు. ఇదంతా చేస్తున్న మనిషి ప్రధాన వృత్తి ఏమిటని అడిగితే, స్టాంపు పేపరు మీద ఎల్ఐసీ ఏజెంటు అనో, జిరాక్సు షాపు అనో రాసి ఉంటుంది. ఆ షాపులో సాధారణంగా అతని భార్య కూర్చుంటుంది. ఆడవాళ్లు విలేకరులుగా ఉన్న మండలాలు ఎన్నున్నాయో మీ రెండు శాఖలూ ఓసారి లెక్క తీయించండి. ఇలాంటి షరతుల మీద, ఇలాంటి వేళల్లో, ఎవరి అండా లేకుండా ఆ పనికి ఎవరు వస్తారో తెలుస్తుంది.

ప్రకటనల సంగతి ఇంకా ఉంది. సంక్రాంతి, ఉగాది, ఆగస్టు పదిహేను, ఎమ్మెల్యే పుట్టినరోజు, పత్రిక వార్షికోత్సవం. ప్రతిదానికీ టార్గెట్. వాటి మధ్యలో చందాదారులను చేర్పించే టార్గెట్. ప్రకటన ఇచ్చిన నాయకుడు డబ్బులివ్వకపోతే బకాయి విలేకరి పేరు మీద పడుతుంది. ఎవరి ఆఫీసులో అవినీతి గురించి రాయాలో, ఆ ఆఫీసరు దగ్గరికే శుభాకాంక్షల ప్రకటన కోసం వెళ్లాలి. ఎవరి ఇసుక లారీల గురించి రాయాలో, అతని ఫొటోనే సప్లిమెంటులో నిండుగా వేయించాలి. విలేకరులు వసూళ్లు చేస్తున్నారని మీ పార్టీల వాళ్లు వేదికల మీద అంటుంటారు. అబద్ధమని నేనను. బెదిరించి డబ్బు గుంజేవాణ్ని పోలీసులకు పట్టించాల్సిందే. కానీ జీతం లేని మనిషి చేతికి ఒక గుర్తింపు కార్డూ, ఒక టార్గెట్టూ ఇచ్చి ఊళ్లోకి వదిలినవాళ్ల గురించి ఆ వేదికల మీద ఎవరూ మాట్లాడరు. చాలామంది కౌలు రైతులకు తాము దున్నే పొలం మీద కాగితం ఉండదు. ఈ విలేకరిది అంతకంటే కష్టం, తానే సంతకం పెట్టిన కాగితం తనకే అడ్డం.

యాజమాన్యాల వైపు నుంచి ఒక వాదన ఉంది, దాన్ని తేలిగ్గా తీసిపారేయను. న్యూస్‌ప్రింట్ ఖరీదు, ప్రకటనలు గూగుల్‌కీ ఫేస్‌బుక్‌కీ తరలిపోవడం, కొవిడ్ దెబ్బ, యువత పేపరు చదవకపోవడం. అన్నీ నిజాలే. 2020లో జిల్లా టాబ్లాయిడ్లను ఎత్తేసి మెయిన్‌లో కలిపేసిన పత్రికలున్నాయి. పేజీలు తగ్గాయి, ఉద్యోగాలు పోయాయి. మా డెస్కుల్లో పనిచేసినవాళ్లు కొందరు ఆ ఏడాది కూరగాయల బళ్లు పెట్టుకున్నారు. అయితే కంట్రిబ్యూటర్‌కు జీతం లేని పద్ధతి కష్టకాలంలో పుట్టింది కాదు. అది 1989 నుంచి ఉంది. ఎడిషన్ల మీద ఎడిషన్లు పెట్టి, కొత్త యంత్రాలు దిగుమతి చేసుకుని, టీవీ చానళ్లు తెరిచిన మంచి రోజులన్నిట్లోనూ ఉంది. లాభాలు వచ్చినప్పుడు ఇవ్వనిది నష్టాల వల్ల ఇవ్వలేకపోతున్నామంటే ఎలా?

పైగా జీతం ఉన్నవాళ్ల విషయంలోనూ సంతకాల కథే నడిచింది. వేజ్ బోర్డులు వరుసగా వచ్చాయి: 1989లో బచావత్, 2000లో మణిసాన, ఆ తర్వాత మజీఠియా. జస్టిస్ మజీఠియా వేజ్ బోర్డు సిఫారసులను కేంద్రం 2011 నవంబర్ 11న నోటిఫై చేసింది. యాజమాన్యాలు కోర్టుకెళితే 2014 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు వాటిని సమర్థించింది. అందులో 20(జె) అనే చిన్న క్లాజు ఉంది: ఇప్పుడున్న జీతమే ఉంచుకుంటానని ఉద్యోగి కోరుకుంటే ఉంచుకోవచ్చు. ఎక్కువ జీతం తీసుకుంటున్నవాళ్లు నష్టపోకూడదని పెట్టిన వెసులుబాటు అది. దేశమంతటా ఎన్నో పత్రికల్లో తక్కువ జీతాల వాళ్ల చేత కూడా, మాకు మజీఠియా వద్దు అని ఆ క్లాజు కింద సంతకాలు పెట్టించుకున్నారు. జీతం పెరగడం ఇష్టం లేదని ఏ ఉద్యోగైనా తనంతట తాను రాసిస్తాడా? 2017 జూన్ 19న సుప్రీంకోర్టు తేల్చేసింది: చట్టం ఇచ్చిన కనీసానికి తక్కువకు ఒప్పుకునే సంతకం చెల్లదు, కాంట్రాక్టు ఉద్యోగులకూ వేజ్ బోర్డు వర్తిస్తుంది. సిఫారసులు అమలు చేయనందుకు కోర్టు ధిక్కరణ శిక్ష మాత్రం ఎవరికీ వేయలేదు. బకాయిలు రావాల్సినవాళ్లు చట్టంలోని 17వ సెక్షన్ కింద రాష్ట్ర ప్రభుత్వానికి దరఖాస్తు పెట్టుకోమంది. ఆ సెక్షన్ ప్రకారం బకాయి తేలితే భూమిశిస్తు బకాయిలాగా కలెక్టర్ వసూలు చేయవచ్చు. అంటే బంతి మీ శాఖ ముంగిట్లోకే వచ్చింది. ఆ దరఖాస్తులు ఎన్నొచ్చాయి, ఎన్ని తేలాయి, ఎంత వసూలైంది? రెండు రాష్ట్రాల్లోనూ ఆ లెక్క ప్రజల ముందు పెట్టండి.

ఇప్పుడు 1955 చట్టమే లేదు, దాని వేజ్ బోర్డూ లేదు. కోడ్‌లలో జర్నలిస్టుకు మిగిలినవి కొన్నున్నాయి: నాలుగు వారాలకు 144 పని గంటల హద్దు, మూడేళ్ల సర్వీసుకే గ్రాట్యుటీ. పనికొచ్చేది ఇంకొకటుంది. వేతనాల కోడ్ 60వ సెక్షన్ ప్రకారం, తనకు రావాల్సిన దాన్ని వదులుకుంటానని ఉద్యోగి చేసుకున్న ఒప్పందం చెల్లదు. డబ్బు చెల్లించానని రుజువు చేసుకోవాల్సిన భారం కూడా యజమానిదే. సంతకాలతో నడిచిన పరిశ్రమకు ఇవి సరిపోయే మందులే. కానీ కంట్రిబ్యూటర్ ముందు తాను ఉద్యోగినని ఒప్పించాలి. మళ్లీ ఆ స్టాంపు పేపరు దగ్గరికే వచ్చాం.

ఇంతలో కొత్త రకం పనివాళ్లు వచ్చారు. మొబైల్ యాప్‌లకు ముక్కకు ఇంతని వార్తలు పంపేవాళ్లు, యూట్యూబ్ చానళ్లకు వీడియోకు ఇంతని తీసేవాళ్లు, ఎన్ని వ్యూస్ వస్తే అంత డబ్బు వచ్చేవాళ్లు. సెంటీమీటరు స్కేలు పోయి వ్యూస్ మీటరు వచ్చింది. సామాజిక భద్రత కోడ్ ఏడో షెడ్యూల్‌లో, అగ్రిగేటర్ల జాబితాలో క్యాబ్‌లు, ఫుడ్ డెలివరీలతో పాటు కంటెంట్, మీడియా సేవలు కూడా ఉన్నాయి. అలాంటి సంస్థలు టర్నోవర్‌లో ఒకటి నుంచి రెండు శాతం దాకా, తమ పనివాళ్లకు చెల్లించే మొత్తంలో ఐదు శాతం మించకుండా, సంక్షేమ నిధికి కట్టాలి. మరి వార్తల యాప్‌కు రాసే కుర్రాడు గిగ్ వర్కరా, డిజిటల్ మీడియా జర్నలిస్టా? ఇటు అడిగితే అటనీ, అటు అడిగితే ఇటనీ తిప్పుతారు. మీ శాఖలు ఒక మాట చెప్పకపోతే అతను ఏ జాబితాలోకీ రాడు. 2023లో ఒడియా చానల్లో లీసా, తెలుగులో మాయ అంటూ కృత్రిమ మేధ యాంకర్లు వచ్చినప్పుడు అందరం స్టూడియో ఉద్యోగాల గురించి బెంగపడ్డాం. అనువాదం చేసే సబ్ ఎడిటర్‌కూ ఆ బెంగ న్యాయమైనదే. లారీ బోల్తా పడ్డ చోటికి వెళ్లే పని మాత్రం ఇప్పటికైతే మనిషిదే, అందుకే అది ఇంకా చవగ్గా ఉంది.

జర్నలిస్టులకు ప్రభుత్వాలు ఏమీ చేయలేదని ఎవరూ అనలేరు. అక్రిడిటేషన్ కార్డులిచ్చారు, బస్సు పాసులిచ్చారు, హెల్త్ కార్డులిచ్చారు, ఇళ్ల స్థలాలు ఇస్తామన్నారు. నా ఫిర్యాదే అది. యజమాని ఇవ్వాల్సిన జీతం యజమాని చేత ఇప్పించాల్సిన ప్రభుత్వం, దాన్ని వదిలేసి తన చేతిమీదుగా బహుమతులు పంచింది. జీతమైతే హక్కు, స్థలమైతే దయ. ఎవరి మీద వార్త రాయాలో వాళ్ల దయ మీద విలేకరి ఇల్లు ఆధారపడింది. హైదరాబాద్‌లో ప్రజాప్రతినిధులు, జడ్జీలు, అధికారులతో పాటు జర్నలిస్టుల హౌసింగ్ సొసైటీలకు చేసిన భూకేటాయింపులను 2024 నవంబర్ 25న సుప్రీంకోర్టు రద్దు చేసింది. జీవితమంతా కూడబెట్టి డబ్బు కట్టిన మిత్రుల బాధ నాకు తెలుసు. అయినా వేజ్ బోర్డు అమలు కోసం పట్టిన పట్టు కంటే ప్లాట్ల కోసం పట్టిన పట్టు గట్టిదైనప్పుడు, మా సంఘాలు కూడా కాస్త అద్దంలో చూసుకోవాలి. ఈ మాటకు పాత మిత్రులు నన్ను తిడతారు, తిట్టనివ్వండి.

మీలో తెలంగాణ మంత్రిగారి కుటుంబానికి సొంత పత్రిక, చానల్ ఉన్నాయి. అది తప్పని కాదు. పత్రిక నడపడమెంత ఖర్చో తెలిసిన మంత్రి దొరకడం అరుదు. మొదటి తనిఖీ ఏ పత్రిక నుంచి మొదలవ్వాలో ఆయనకు వేరే చెప్పనక్కర్లేదు.

డబ్బెక్కడిది అంటారేమో. ప్రభుత్వ ప్రకటనలు ఉన్నాయి. 2016లో కేంద్రం తెచ్చిన ప్రకటనల విధానంలో పత్రికలకు మార్కులు పెట్టారు: నూటికి 20 మార్కులు ఉద్యోగులకు పీఎఫ్ కట్టినందుకే. అంటే జీతభత్యాలకూ సర్కారు ప్రకటనలకూ ముడి వేయొచ్చని అప్పుడే ఒప్పుకున్నట్టు. మీ సమాచార శాఖల ప్రకటనల రేటు కార్డులో అలాంటి మార్కులు మండల విలేకరుల లెక్కకూ పెట్టించండి. ఎంతమంది విలేకరుల పేర్లు వేతన రిజిస్టరులో ఉన్నాయి, ఎన్ని మండలాల పేర్లు వార్తల మొదట్లో ఉండే డేట్‌లైన్లలో ఉన్నాయి, ఈ రెండు అంకెల మధ్య తేడా ఎంత ఎక్కువైతే ప్రకటన రేటు అంత తక్కువ. మంత్రివర్గంలో మీ పక్క కుర్చీలో కూర్చునే మంత్రితో మాట్లాడితే ఈ పని మొదలవుతుంది.

మిగిలింది రుజువు. పాతకాలం ఇన్‌స్పెక్టర్ పోయి, కోడ్‌లలో ఇన్‌స్పెక్టర్ కమ్ ఫెసిలిటేటర్ వచ్చాడు. తనిఖీ చేస్తాడో, సౌకర్యం కల్పిస్తాడో చూడాలి. ఆయన్ను ఇంటికి పంపి విలేకరిని సాక్ష్యం చెప్పమనకండి, విలేకరి చెప్పలేడు. మర్నాడు ఐడీ కార్డు పోతుంది. ఇన్‌స్పెక్టర్‌ను ప్రతి జిల్లాలో ఒక మండలాన్ని తీసుకోమనండి. జిల్లా గ్రంథాలయానికి వెళ్లి, పెద్ద పత్రికల మూడు నెలల ఫైళ్లు తెప్పించుకుని, ఆ మండలం డేట్‌లైన్‌తో ఎన్ని వార్తలు, ఎన్ని రోజులు వరుసగా వచ్చాయో లెక్కపెట్టమనండి. పండుగ సప్లిమెంట్లలో ఆ మండలం ప్రకటనలు ఎన్నో చూడమనండి. వెబ్‌లో వచ్చిన వాటికి టైము కూడా ఉంటుంది, తెల్లవారుజామున ఎన్నింటికి, రాత్రి ఎన్నింటికి అని. తర్వాత అవే మూడు నెలలకు ఆ పత్రికల వేతన రిజిస్టర్లు, ఆ స్టాంపు పేపర్లు యాజమాన్యం దగ్గర తెప్పించుకుని పక్కపక్కన పెట్టమనండి. వారమంతా పనిచేసే మనిషి ప్రధాన వృత్తి ఏమిటో తేల్చడానికి ఇంతకు మించిన సాక్ష్యం అక్కర్లేదు. అది రోజూ అచ్చవుతూనే ఉంది, మీ ఇళ్లకూ పొద్దున్నే వస్తోంది. ఆ లెక్క తీసిన నివేదికను, యాజమాన్యాల జవాబుతో సహా, వచ్చే ఉగాది సప్లిమెంట్ల టార్గెట్లు మండలాలకు చేరేలోగా బయటపెట్టాలని కోరుతున్నాను.

ఇట్లు,
జిల్లా డెస్కులో పనిచేసిన ఒక సబ్ ఎడిటర్